అబ్జద్ నేర్పిన ఉస్తాద్ ఇది నేర్పలేదు



పోయిన జుమాకు నమాజ్ అయ్యి మస్జిద్ మెట్లు దిగుతుంటే ఒక పిల్లగాడు నా చేతిలో ఆకుపచ్చ కాగితం పెట్టి పోయాడు. చెప్పులు వెతుక్కుంటూ చదివాను. మీ పేరులో అదద్ ఉంది, అదద్‌లో సుర్ ఉంది, సుర్‌లో కిస్మత్ ఉంది అని పెద్దక్షరాల్లో. ఉర్దూలో ఒకసారి, తెలుగులో ఒకసారి. కింద రిష్తా, కారోబార్, ఔలాద్, బీమారీ, వీసా, అన్నిటికీ హల్ అట. ఫీజు ఎంతో రాయలేదు. "హదియా మీ ఇష్టం" అని ఉంది. ఆ ఇష్టం ఎవరిదో, ఎంతదో మా ఖాలాకు తెలుసు. రెండు బంగారు గాజులంత.

ఈ కాగితం నాకు కొత్త కాదు. ఎల్.బి. నగర్ మెట్రో దిగి హయత్‌నగర్ షేర్ ఆటో ఎక్కే దాకా గోడల మీద, కరెంటు స్తంభాల మీద ఇట్లాంటివి చూస్తూనే ఉన్నాను. చూసి నవ్వుకుని పోయేవాణ్ని. నవ్వుకుని పోవడం నా ఖుసూర్. అందుకే ఇవాళ రాస్తున్నాను. కొందరికి నచ్చదు, తెలుసు. నచ్చనివాళ్ళు కూడా చివరిదాకా చదవండి, తర్వాత తిట్టండి.

మా ఖాలా మనవడికి తొమ్మిదేళ్ళు. నన్ను మామూ అంటాడు. రెండేళ్ళ కింద వాడికి ఫిట్స్ మొదలైనయి. డాక్టర్ రాసిన గోలీలు పొద్దున ఒకటి, రాత్రి ఒకటి. వేసుకున్నన్ని రోజులు బాగానే ఉన్నాడు. బాగున్నాడు కాబట్టే ఇంట్లోవాళ్ళకు అనుమానం వచ్చింది, "బాగైన పిల్లోనికి ఇంకా గోలీలెందుకు?" అని. అప్పుడే ఎవరో చెప్పారు, దిల్‌సుఖ్‌నగర్ అవతల ఒక ఆమిల్ ఉన్నాడు, తావీజ్‌లూ నింబూలూ ఇచ్చే పాతకాలం ఆమిల్ కాదు, కంప్యూటర్ పెట్టుకుని హిసాబ్ చేస్తాడు, "సైన్స్" అని.

ఆయన హిసాబ్ ఏమిటో నేను తర్వాత బాజీని కూర్చోబెట్టి అడిగి తెలుసుకున్నాను. పిల్లోడి పేరు, తల్లి పేరు రెండిటి అక్షరాలకు అబ్జద్ ప్రకారం అంకెలు వేసి కూడతాడు. వచ్చిన మొత్తాన్ని ఏడుతో భాగిస్తాడు. మిగిలింది ఒకటైతే స, రెండైతే రి, మూడైతే గ, అట్లా. అది ఆ మనిషి "రూహానీ సుర్". ఆ సుర్ తప్పిపోవడం వల్లే బీమారీ. ఇక ఇలాజ్ ఎన్నాళ్ళు, ఏ రోజు మొదలుపెట్టాలి అన్నది పాచికలు వేసి ఫాల్ తీసి చెప్తాడు. ఫాల్ మంచిగా రాకపోతే మళ్ళీ వేస్తాడు, దానికి వేరే హదియా. చివరికి ఫోన్‌లో ఒక ఆడియో పంపిస్తాడు. నలభై నిమిషాలు, రోజుకు మూడుసార్లు, చెవుల్లో హెడ్‌ఫోన్ పెట్టి వినాలి. "దవా, సుర్ రెండూ కలవవు" అని గోలీలు ఆపమన్నాడు.

ఐదో వారం పిల్లోడు బాత్‌రూమ్‌లో పడిపోయాడు. నొసటి మీద ఆరు కుట్లు. ఆ రాత్రి ఆటోలో వాణ్ని ఒళ్ళో పెట్టుకుని నేనే తీసుకుపోయాను. ఫిట్స్ మందు ఒక్కసారిగా ఆపితే ఆగని ఫిట్స్ వచ్చి ప్రాణం పోయే ఖత్రా ఉంటుందని డ్యూటీ డాక్టర్ చెప్తుంటే మా బాజీ గోడ పట్టుకుని నిలబడింది. ఆమెను ఏమనాలి? "భాయీ, ఆయన గంటసేపు కూసోబెట్టి మాట్లాడిండు. వీడు పుట్టినప్పటి సంది అన్నీ అడిగిండు. డాక్టర్ నా మొఖం గూడ సూడలే" అన్నది. ఈ మాట దగ్గరికి మళ్ళీ వస్తాను.

ముందు నా హఖ్ ఏమిటో చెప్పుకోవాలి. నేను చదివింది ఉర్దూ మీడియం. డిగ్రీ తెలుగు సాహిత్యం. అబ్జద్ నాకు నాలుగో జమాత్‌లోనే వచ్చు. మా ఉస్తాద్ సాబ్ బెత్తంతో బల్ల మీద తాళం వేస్తుంటే అబ్జద్, హవ్వజ్, హుత్తీ, కలిమన్ అని పాటలాగా అందరం అరిచేవాళ్ళం. అలిఫ్ ఒకటి, బే రెండు, జీమ్ మూడు, దాల్ నాలుగు. అట్లా పదులు, వందలు దాటి గైన్ వెయ్యి దాకా. ఎందుకు నేర్పారు? తారీఖ్ చదవడానికి. మన బుజుర్గులు ఇమారత్ కట్టినా, ఎవరైనా వఫాత్ అయినా, కితాబ్ పూర్తయినా ఆ ఏడు మాటల్లో దాచేవాళ్ళు. చార్మినార్‌కు "యా హాఫిజ్" అని చెప్తారు. కూడి చూడండి: యే 10, అలిఫ్ 1, హే 8, అలిఫ్ 1, ఫే 80, జోయ్ 900. సరిగ్గా 1000. హిజ్రీ 1000, అంటే ఈసవీ 1591. ఎంత అందమైన పని! ఆ అంకె చార్మినార్‌ను నిలబెట్టలేదు. సున్నం, రాయి, మేస్త్రీల చేతులు నిలబెట్టాయి. అంకె తారీఖును గుర్తుపెట్టింది, అంతే.

తెలుగువాళ్ళకు ఇది తెలియనిది కాదు. కర్ణాటక సంగీతంలో కటపయాది అని ఉంది, డిగ్రీలో మా లెక్చరర్ గారు చెప్తుంటే నేను ఎగిరి గంతేసినంత పని చేశాను, "ఇది మా అబ్జదే సార్!" అని. 72 మేళకర్త రాగాల పేర్లలో మొదటి రెండక్షరాలకు అంకెలు వేసి తిరగేస్తే ఆ రాగం నంబరు వస్తుంది. ధీరశంకరాభరణం: ధ 9, ర 2, తిరగేస్తే 29. మేచకల్యాణి: మ 5, చ 6, తిరగేస్తే 65. మాయామాళవగౌళ 15. ఆ పేరుకు ముందు "ధీర" అని తగిలించిందే ఈ నంబరు కోసం. అంటే ముందు రాగం ఉంది, తర్వాత నంబరు, ఆ నంబరుకు తగ్గట్టు పేరు. శంకరాభరణం తీయగా ఉండటానికి కారణం 29 అని ఏ విద్వాంసుడూ అనడు. హాల్‌టికెట్ నంబరు చూసి పిల్లవాడి మార్కులు చెప్పినట్టు ఉంటుంది.

ఇక ఆమిల్ సాబ్ హిసాబ్ సంగతి. రేష్మా అనే పేరు తీసుకుందాం. మన బస్తీల్లో వందమంది ఉంటారు. ఉర్దూలో చివర అలిఫ్ పెట్టి రాస్తే రే 200, యే 10, షీన్ 300, మీమ్ 40, అలిఫ్ 1, మొత్తం 551. చివర హే పెట్టి రాసేవాళ్ళూ ఉన్నారు, అప్పుడు 555. ఏడుతో భాగించండి. 551కి మిగిలేది 5, అంటే ప. 555కి మిగిలేది 2, అంటే రి. బుర్జ్ కోసం పన్నెండుతో భాగిస్తే ఒకదానికి 11 మిగిలి దల్వ్, ఇంకోదానికి 3 మిగిలి జౌజా. ఒకే పిల్ల. ఆధార్‌లో తెలుగులో, ఇంగ్లీషులో మాత్రమే పేరున్న పిల్ల. ఆమె రూహ్ ఏ సుర్‌లో ఉందో నికాహ్‌నామా రాసే ఖాజీ సాబ్ కలం తేల్చాలా? చివరి అక్షరం ఏదైతేనేం అని ఆయన అనుకుంటాడు పాపం, దానిమీద ఒక రిష్తా నిలబడి ఉందని ఆయనకేం తెలుసు.

786 సంగతి చెప్తే కొందరు బాధపడతారు. అయినా చెప్పాలి. బిస్మిల్లాహ్ మొత్తానికి అబ్జద్ వేస్తే బిస్మ్ 102, అల్లాహ్ 66, అర్రహ్మాన్ 329, అర్రహీమ్ 289. మొత్తం 786. సహీ. అయితే మగ్రిబ్ వైపు, మొరాకో దిక్కు, అబ్జద్ కొంచెం వేరు. అక్కడ సీన్ 60 కాదు, 300. వాళ్ళ లెక్కలో ఇదే బిస్మిల్లాహ్ 1026 అవుతుంది. అల్లాహ్ కలామ్ మారిందా? మన యాహాఫిజ్ కూడా అక్కడ 1000 కాదు, 900 అవుతుంది, చార్మినార్ నూరేళ్ళు వెనక్కి పోతుంది. ఇంకోటి. హరే కృష్ణా అని ఉర్దూలో రాసి కూడండి. హే 5, రే 200, యే 10, కాఫ్ 20, రే 200, షీన్ 300, నూన్ 50, అలిఫ్ 1. అదీ 786. ఇది మన హిందూ భాయీలను వెక్కిరించడానికి చెప్పట్లేదు, మనల్నీ కాదు. లెక్క అట్లా వస్తుంది, అంతే. అంకెకు తన వెనక ఏ మాట ఉందో తెలియదు. నోట్ల మీద 786 కోసం ఎక్కువ డబ్బిచ్చేవాళ్ళు, ఆర్టీఏలో బండి నంబరు కోసం వేలం పాడేవాళ్ళు ఇది ఒకసారి కాగితం మీద వేసి చూడండి. కాగితం మీద నోరారా బిస్మిల్లాహ్ రాయడానికి భయపడి, కింద పడితే బేఅదబీ అవుతుందని అంకె రాసేవాళ్ళు మన పెద్దలు. అది అదబ్. దాన్ని మనం అదృష్టం చేసుకున్నాం.

"ఇదంతా సరే, సుర్‌కు అంకెలకు సంబంధం లేదా?" అని ఎవరైనా అడగొచ్చు. ఉంది, అసలైన సంబంధం ఉంది, ఎంత గట్టి సంబంధమంటే ఈ ఆమిల్‌లకు అది తెలిస్తే దుకాణ్ మూసుకుంటారు. తీగ పొడవు సగం చేస్తే పై స పలుకుతుంది, మూడింట రెండు వంతులు చేస్తే ప. యునాన్‌లో ఫీసాగోరస్ పేరు మీద చెప్పే ఈ లెక్కను బగ్దాద్‌లో 9వ శతాబ్దంలో అల్ కిందీ ఊద్ తీగల మీద చూసుకున్నాడు. ఆ తర్వాతి శతాబ్దంలో ఫారాబీ మూసీఖీ మీద పెద్ద కితాబే రాశాడు. బస్రాలో ఇఖ్వానుస్సఫా అని పేర్లు దాచుకున్న ఒక జమాత్ 52 రిసాలాలు రాసింది. మొదటిది అదద్ మీద, ఐదోది మూసీఖీ మీద. వాళ్ళ మాట ఏమంటే, లోకమంతా నిష్పత్తితో కట్టబడి ఉంది, ఊద్ తీగలో వినబడేదీ ఆస్మాన్‌లో తిరిగేదీ ఒకే హిసాబ్ అని. కిందీ కూడా ఊద్ నాలుగు తీగలకు ఆగ్, హవా, పానీ, మిట్టీ, ఒంట్లో నాలుగు ఖిల్త్‌లు జత చేశాడు. ఆమిల్ సాబ్ చెప్పే ఫల్సఫా పాతిక పైసలంత అక్కడి నుంచి వచ్చిందే, మధ్యలో ఎన్ని చేతులు మారి ఏ గలీలో చేరిందో గానీ.

గొప్ప ఖయాల్ అది, కాదనను. కానీ అదే హిసాబ్‌ను చివరిదాకా చేసి చూడండి. ఒక స నుంచి మొదలుపెట్టి ప, ఆ ప నుంచి దాని ప, అట్లా పన్నెండుసార్లు ఎక్కితే పన్నెండు సురాలూ తిరిగి మళ్ళీ స దగ్గరికి రావాలి. వస్తామా? ఒకటిన్నరను పన్నెండుసార్లు గుణిస్తే 129.74 చిల్లర. ఏడు స్థాయిలు ఎక్కిన స 128. కలవదు. ఎప్పటికీ కలవదు, ఎందుకంటే ఒకటి మూళ్ళతో గుణించింది, ఇంకోటి రెళ్ళతో గుణించింది. ఈ తేడా వేల ఏళ్ళుగా తెలుసు. మన ఖవ్వాల్ ముందుండే హార్మోనియం ఈ తేడాను పన్నెండు మెట్లకూ కొంచెం కొంచెం పంచి సర్దుకున్న పెట్టె. అందులో ప సరిగ్గా 1.5 కాదు, 1.4983. ఆ కొంచెం తప్పుతోనే రాత్రంతా మహఫిల్ నడుస్తుంది, జనం వజ్ద్‌లోకి పోతారు. నేనూ ఒకప్పుడు వారసీ ఖవ్వాల్‌ల ఖవ్వాలీ క్యాసెట్లు అరిగేదాకా విన్నవాణ్నే. అజీజ్ అహ్మద్ ఖాన్ వారసీ సాబ్‌కు 1971లో పద్మశ్రీ వచ్చింది. ఆయన సుర్‌లో ఏముందో పేరుకు అబ్జద్ వేసి తేల్చగలరా ఎవరైనా? సమా హలాలా హరామా అన్న బహస్ ఇక్కడ పెట్టకండి, అది వేరే రోజు.

ఇంకో మాట. మన సంగీతంలో స ఎక్కడో ఫిక్స్ అయి ఉండదు. పాడేవాడి గొంతును బట్టి పెట్టుకుంటాడు. స ఏదో చెప్పకుండా "నీ సుర్ ప" అంటే గలీ పేరు చెప్పకుండా ఐదో ఇల్లు అన్నట్టు. బాజీ ఫోన్‌లో ఉన్న ఆడియో మీద 528 అని ఒక అంకె రాసి ఉంది. సెకనుకు 528 కంపనాలు అట, అది రూహ్‌కు శిఫా అట. సెకను అంటే ఏమిటి? రోజును 24 గంటలు, గంటను 60 నిమిషాలు, నిమిషాన్ని 60 ముక్కలు చేసుకున్నది మనుషులం. రోజును ఇంకో రకంగా కోసుకుని ఉంటే అదే శబ్దానికి ఇంకో అంకె ఉండేది. రూహ్‌కు గడియారం ముళ్ళతో పనేమిటో నాకర్థం కాదు.

ఇప్పుడు ఫాల్. పాచికలు. ఇక్కడ నేను నా గుట్టు ఒకటి విప్పాలి.

ఇరవై ఏళ్ళ కింద, డిగ్రీ అయ్యి కొత్తగా పత్రికలో చేరిన రోజులు. చిన్న పత్రిక, పేరు చెప్పను. అందులో ఆదివారం పేజీలో "మీ అదద్ – మీ వారం" అని శీర్షిక వచ్చేది. రాసే పెద్దాయన మానేశాడు. డెస్క్‌లో ఉర్దూ వచ్చినవాణ్ని నేనే, "నువ్వే నింపు భాయ్" అన్నారు. నాకేం తెలుసు? ఒకటి నుంచి తొమ్మిది దాకా అంకెలు, పాత సంచికల్లోంచి ఎత్తిన ముప్పై నలభై వాక్యాలు చిట్టీలుగా కత్తిరించి టీ గ్లాసులో వేసి, ఒక్కో అంకెకు మూడేసి తీసి అతికించేవాణ్ని. ధనలాభం, ఉదర బాధ, దూరపు బంధువు రాక. ఏడాదిన్నర నడిపాను. ఆ ఏడాదిన్నరలో ఒక్కరు కూడా తప్పైంది అని ఫోన్ చేయలేదు. నిజమైంది అని మాత్రం చేశారు. మలక్‌పేట నుంచి ఒక పెద్దావిడ "బేటా, మీరు రాసినట్టే మా తమ్ముడు సౌదీ నుంచి వచ్చిండు" అని ఏడ్చింది ఫోన్‌లో. నేను ఫోన్ పెట్టేసి గ్లాసు వైపు చూశాను. ఆ తర్వాత కూడా నాలుగు నెలలు నింపాను, జీతం కావాలి కదా. ఆ నాలుగు నెలలకే ఎక్కువ సిగ్గుపడతాను.

అందుకే ఆమిల్ "నా మాట ఎన్నిసార్లు నిజమైందో అడగండి" అంటే నేను హడలను. హిసాబ్ ఇట్లా: 32 మంది గర్భిణుల ఇళ్ళవాళ్ళు ఆమిల్ దగ్గరికి వస్తారు, మగపిల్లోడా ఆడపిల్లా అని. ఆయన నోటికొచ్చింది చెప్తాడు. సగం మందికి, అటూ ఇటుగా 16 మందికి, నిజమవుతుంది. తప్పైనవాళ్ళు మళ్ళీ రారు, ఇంకో ఆమిల్‌ను వెతుక్కుంటారు. ఆ 16 మంది ఇంకో సవాల్‌తో వస్తారు, నౌకరీ వస్తుందా రాదా. ఎనిమిది మందికి నిజం. అట్లా నాలుగు, రెండు, ఒకటి. ఐదుసార్లు వరసగా నిజం చూసిన ఆ ఒక్క ఇల్లు ఇక జిందగీ అంతా ఆయన మురీద్. కసమ్ తిని చెప్తుంది. ఆ ఇంటామె అబద్ధం చెప్పట్లేదు, ఆమె చూసింది నిజమే. మిగతా 31 ఇళ్ళు ఆమెకు కనబడవు. వెయ్యిన్ని 24 మంది వస్తే పదిసార్లు వరసగా నిజమైనవాడు ఒకడు దొరకడం మామూలే. ఈ ఇత్తెఫాఖ్ లెక్కను యూరప్‌లో 1654లో పాస్కల్, ఫెర్మా ఇద్దరూ ఉత్తరాల్లో రాసుకున్నారు, జూదం పందెం పంచుకునే సవాల్ మీదనే. మనవాళ్ళు అప్పటికి 800 ఏళ్ళ ముందే దాని తలుపు తట్టారు. ఇంతకుముందు చెప్పిన అల్ కిందీయే రహస్య లిపిలో రాసిన ఖత్‌లను విప్పడానికి ఒక తరీఖా రాశాడు. ఏ అక్షరం ఎన్నిసార్లు వస్తుందో లెక్కపెట్టు, భాషలో ఎక్కువగా వచ్చే అక్షరంతో పోల్చు అని. ఊద్ తీగకు మిట్టీ, పానీ జత చేసినవాడూ ఈయనే, అక్షరాలను లెక్కపెట్టమన్నవాడూ ఈయనే. మనం ఆయన దగ్గర్నుంచి ఏది తెచ్చుకున్నామో చూడండి.

"గజాలీ కూడా నఖ్ష్ ఒప్పుకున్నారు కదా" అని ఒక దోస్త్ మొన్న వాదించాడు. నిజమే, దాచను. ఒకటి నుంచి తొమ్మిది దాకా అంకెలు మూడు గళ్ళ చదరంలో ఎటు కూడినా 15 వచ్చేట్టు పెట్టే నఖ్ష్‌ను ఇమామ్ గజాలీ తన అల్ మున్ఖిజ్‌లో పేర్కొన్నారు, కాన్పు కష్టమైనప్పుడు వాడతారని. దాని మూలల్లో 2, 4, 6, 8 ఉంటాయి కాబట్టి బే, దాల్, వావ్, హే కలిపి "బుదూహ్" అని ఉత్తరాల మీద రాసేవాళ్ళు కూడా. గజాలీ పెద్ద ఆలిమ్, నేను ఆయన కాలి దుమ్ము కాను. కానీ ఆయన కాలంలో కాన్పు గదిలో ఇంకేముంది చేయడానికి? ఇవాళ హయత్‌నగర్ నుంచి ఫోన్ కొడితే 108 వస్తుంది. ఇక ఆ చదరం సంగతి: తొమ్మిది అంకెలను 3,62,880 రకాలుగా పేర్చొచ్చు, అందులో 8 మాత్రమే కుదురుతాయి, అవీ ఒకే చదరాన్ని తిప్పినవీ అద్దంలో చూసినవీ. చైనావాళ్ళకూ ఇదే తెలుసు. ఇది చూసి ముచ్చటపడొచ్చు, పిల్లలకు సెలవుల్లో నేర్పొచ్చు. నేను మా అమ్మాయికి నేర్పాను, అరగంటలో పట్టేసింది.

గజాలీ పేరు తీసుకునేవాళ్ళు ఇబ్నె ఖల్దూన్ పేరు ఎందుకు తీసుకోరు? ఆయన ముఖద్దిమాలో జాయిర్‌జా అనే యంత్రం గురించి వివరంగా రాశాడు. గుండ్రటి చక్రాలు, అక్షరాలు, అంకెలు, సవాల్ వేస్తే హిసాబ్ చేసి జవాబు ఇస్తుంది. ఆయనకు కూడా అది చూసి ఆశ్చర్యమేసింది. అయినా ఆయన తీర్మానం ఏమంటే, ఆ జవాబు సవాల్‌లోని మాటల పొందికలోంచి పుడుతుంది గానీ గైబ్ సంగతి దానికి తెలియదు అని. 14వ శతాబ్దంలో. ఇబ్నె సీనా నుజూమ్‌ను కొట్టేస్తూ ఏకంగా ఒక రిసాలా రాశాడు. ఇక అసలు ఆధారం దగ్గరికి వస్తే, బాణాలతో ఫాల్ తీయడాన్ని సూరా మాయిదా 3వ ఆయత్‌లో, మళ్ళీ 90వ ఆయత్‌లో షరాబ్, జూదంతో కలిపి ఎక్కడ పెట్టారో మీ ఇంట్లో ఉన్న తర్జుమా తీసి చూడండి. పాచిక అయితే వేరా?

నాకు మాత్రం ఆఖరికి గుర్తొచ్చేది ఇంకో సంఘటన. రసూలుల్లాహ్ సల్లల్లాహు అలైహి వసల్లం కొడుకు ఇబ్రాహీమ్ పసివాడుగానే వఫాత్ అయిన రోజు సూర్యగ్రహణం పట్టింది. జనం అన్నారు, ఆ పసివాడి కోసమే సూర్యుడు మసకబారాడని. కొడుకును పోగొట్టుకున్న తండ్రి, తన మాటకు ప్రాణమిచ్చే జనం, మీద గ్రహణం. ఔనని ఊరుకున్నా చాలు, ఎంత పెద్ద ముఅజిజా అయ్యేది! ఆయన ఊరుకోలేదు. ఎవరి చావు కోసమూ, ఎవరి బతుకు కోసమూ సూర్యచంద్రులకు గ్రహణం పట్టదని చెప్పి నమాజ్‌కు నిలబడమన్నారు. సహీ బుఖారీలో ఉంది. ఆ ఉమ్మత్ మనం. పోయిన గ్రహణానికి మా గల్లీలో కడుపుతో ఉన్న ఆడవాళ్ళను ఎట్లా కదలకుండా పడుకోబెట్టారో నాకు తెలుసు.

మన ఊరి పేరులోనే ఒక కథ ఉంది. హయత్‌నగర్ అంటే హయాత్ బఖ్షీ బేగం. ముహమ్మద్ కులీ కుతుబ్‌షా కూతురు, సుల్తాన్ ముహమ్మద్ కుతుబ్‌షా భార్య, అబ్దుల్లా కుతుబ్‌షా తల్లి. మన పెద్ద మస్జిద్, దాని పక్కనున్న హాథీ బావి ఆమె పేరు మీద మిగిలినవే. 1614లో అబ్దుల్లా పుట్టినప్పుడు నుజూమీలు లెక్కలేసి, పన్నెండేళ్ళు నిండేదాకా తండ్రి కొడుకు మొహం చూడొద్దు, చూస్తే కీడు అని చెప్పారట. సుల్తాన్ విన్నాడట. పిల్లవాణ్ని వేరే ఇళ్ళలో పెంచారట. పన్నెండేళ్ళు గడిచాక తండ్రీకొడుకులు కలుసుకున్నారని చెప్తారు. 1626లో ఆ తండ్రి వఫాత్ అయ్యాడు. నిండా నలభై కూడా లేవు. నుజూమీల మాట నిజమైందనేవాళ్ళు ఉంటారు, కాలేదనేవాళ్ళు ఉంటారు. నేను ఆ తల్లి గురించి ఆలోచిస్తాను. పక్కనే ఉన్న కొడుకును భర్తకు చూపించకుండా పన్నెండు రంజాన్‌లు, పన్నెండు ఈద్‌లు. గోల్కొండలోనే, దాదాపు ఆ కాలంలోనే, పెద్ద పెద్ద బొమ్మలతో ఒక ఫాల్‌నామా తయారైంది. ఇవాళ అది విదేశంలో ఖలీలీ కలెక్షన్‌లో ఉంది. బొమ్మలు చాలా అందంగా ఉంటాయి.

మస్జిద్ కమిటీ పెద్దలకు ఒక అర్జీ. మెట్ల దగ్గర బెల్టు చెప్పులు పోతే మైకులో చెప్తారు. ఈ కాగితాలు పంచేవాళ్ళను ఎందుకు అడగరు? బీమారీ తావీజ్‌తో, మంత్రంతో నయం చేస్తామని ఇశ్తిహార్ ఇవ్వడం 1954 నాటి డ్రగ్స్ అండ్ మ్యాజిక్ రెమెడీస్ చట్టం ప్రకారం నేరం. ఆ చట్టంలో తావీజ్ మాట పేరుపెట్టి ఉంది. మహారాష్ట్ర 2013లో, కర్ణాటక 2017లో ఇంకా గట్టి చట్టాలు చేసుకున్నాయి. మనకు లేదు. ఉన్న పాత చట్టంతోనైనా ఠాణాలో ఒక కాగితం ఇవ్వొచ్చు. నేను ఇచ్చాను.

ఇస్తిఖారా గురించి కూడా అడుగుతారు, అందుకే చెప్తున్నా. ఇస్తిఖారా అంటే తానే రెండు రకాత్‌లు చదివి, తన పని తానే అల్లాహ్‌కు అప్పగించి దువా చేసుకోవడం. వాట్సాప్‌లో పిల్ల పేరు, తల్లి పేరు పంపితే పావుగంటలో "నహీ ఆయా" అని జవాబు పంపేది ఇస్తిఖారా కాదు, లాటరీ. ఆ "నహీ ఆయా" మీద ఆగిపోయిన రిష్తాలు మా ఖాందాన్‌లోనే మూడున్నాయి. అందులో ఒక పిల్లకు ఇప్పుడు ముప్పై నాలుగు. ఆమె ఎం.ఏ. చదివింది, లెక్కలు.

ఇదంతా "ఆడోళ్ళ జహాలత్" అని తేల్చేసే మగాళ్ళకు కూడా ఒక మాట. మా బాజీని ఆ ఆమిల్ దగ్గరికి పంపింది ఆమె మామ, రిటైర్డ్ గవర్నమెంట్ ఉద్యోగి. ఆన్‌లైన్ రమ్మీలో ఏ అంకె రోజున ఆడాలని అదే ఆమిల్‌ను అడిగింది మా ఖాందాన్‌లో ఒక ఇంజనీర్. తెలంగాణలో డబ్బు పెట్టి ఆన్‌లైన్‌లో ఆడటం 2017 నుంచే నిషేధమని ఆయనకు నేను చెప్పాల్సి వచ్చింది. ఆడది పోయేది పిల్లోడి కోసం, మగాడు పోయేది పైసల కోసం. జాహిల్ అన్న మాట ఎవరికి తగులుతుందో మీరే చూసుకోండి.

డాక్టర్‌లకు కూడా చెప్పాలి, వాళ్ళు ఈ బ్లాగ్ చదవరేమో గానీ. బాజీ చెప్పింది నిజం. ఆమిల్ గంట మాట్లాడాడు, డాక్టర్ మూడు నిమిషాలు. గోలీ ఎందుకు ఆపొద్దో ఆ మూడు నిమిషాల్లో ఉర్దూలోనో తెలుగులోనో ఒక్కసారి చెప్పి ఉంటే రెండు గాజులూ ఆరు కుట్లూ మిగిలేవి. పేరు లెక్క వేయకపోయినా, కుర్చీ జరిపి "కూర్చో అమ్మా" అనొచ్చు. ఆసుపత్రిలో ఆ రాత్రి డ్యూటీలో ఉన్న అమ్మాయి అట్లా కూర్చోబెట్టే చెప్పింది. ఆమె చెప్పాకే బాజీ విన్నది. నేను రెండేళ్ళుగా చెప్తుంటే వినలేదు.

పిల్లోడు ఇప్పుడు గోలీలు వేసుకుంటున్నాడు. రాత్రి తొమ్మిదికి బాజీ ఫోన్‌లో అలారం పెట్టింది. అలారం పాట ఏది పెట్టాలో వాణ్నే ఎంచుకోమంటే ఏదో సినిమా పాట పెట్టాడు. నిన్న పోయినప్పుడు అది మోగింది. వాడు గోలీ మింగి, నీళ్ళు తాగి, నా దగ్గరికొచ్చి "మామూ, నా పేరుకు ఎంత వస్తది?" అని అడిగాడు. కాగితం తీసి అబ్జద్ మొత్తం రాసిచ్చాను. వాడే కూడుకున్నాడు. ఒకచోట తప్పు చేశాడు, మళ్ళీ కూడుతున్నాడు.